'తస్మదీయులు' అనే మాట ఎవరు పుట్టించారు? పింగళి నాగేంద్రరావు గారి కథ

ఈ ఎపిసోడ్ ఒక్క మాటతో మొదలుపెడదాం. తస్మదీయులు.

ఎలక్షన్ల టైమ్‌లో ఏ తెలుగు పేపర్ తిరగేసినా ఈ మాట తగులుతుంది. అస్మదీయులకి కాంట్రాక్టులు, తస్మదీయులకి నోటీసులు అని రాస్తారు. మనం కూడా ఎక్కడా ఆగకుండా చదివేస్తాం. అస్మదీయులు అంటే మనోళ్లు, తస్మదీయులు అంటే అవతలోళ్లు. అంతేగా?

ఇందులో మొదటిది నిఖార్సయిన సంస్కృతం. 'మా', 'మాకు చెందిన' అని అర్థం. రెండోది మాత్రం సంస్కృతంలో లేదు. 'మీ' అనాలంటే యుష్మదీయ అంటారు, 'అతని, వారి' అనాలంటే తదీయ అంటారు. తస్మదీయ అని ఎవరూ అనరు. ఆ మాట పుట్టింది 1957 మార్చి 27న రిలీజైన మాయాబజార్‌లో. పుట్టించినాయన పింగళి నాగేంద్రరావు గారు. ఆయన పేరు మనలో చాలామందికి తెలీదు గానీ, ఆయన మాటలు మాత్రం రోజూ వాడుతూనే ఉంటాం. మీమ్స్‌లో, వాట్సాప్ స్టిక్కర్లలో, ఇంట్లో బామ్మల నోట్లో కూడా అవే.

ముందు ఆ సీన్ చెప్తాను. ఘటోత్కచుడి ఆశ్రమంలో చిన్నమయ్య అనే గురువుగారు రాక్షస శిష్యులకి పాఠం చెప్తుంటారు. రమణారెడ్డి గారు ఆ వేషం వేశారు. శిష్యులకి ఒత్తక్షరాలు నోరు తిరగవు. అస్మదీయులు కాస్తా అసమదీయులు అయిపోతుంది. మన వాళ్లు అసమదీయులైతే శత్రువులు తసమదీయులు అవ్వాలి కదా అని శిష్యుడి లాజిక్. అలాంటి మాట లేదని గురువుగారు కోప్పడబోతారు. అప్పుడు ఎస్.వి.రంగారావు గారు, అంటే ఘటోత్కచుడు, అడ్డుపడి శిష్యుణ్ణే మెచ్చుకుంటాడు. మాటలనేవి ఎవరో ఒకరు పుట్టిస్తేనే కదా పుట్టేది అంటాడు. అని వాడికి ఒక వీరతాడు వేయిస్తాడు.

ఆ వీరతాడు కూడా పింగళి గారి సరుకే. 'వీర' సంస్కృతం, 'తాడు' అచ్చ తెలుగు. గేదెని కట్టేదీ తాడే, పెళ్లిలో కట్టేదీ తాడే. దాని ముందు 'వీర' తగిలించి మెడల్ చేసేశారు. ఆ సీన్ ఒక కామెడీ సీన్ అనుకుని నవ్వుకుంటాం గానీ, నాకైతే అది ఒక రచయిత తన పని గురించి తానే చెప్పుకున్న సీన్ అనిపిస్తుంది. వ్యాకరణం పట్టుకుని కూర్చున్న గురువు ఒక పక్క, నోరు తిరగని శిష్యుడు ఇంకో పక్క. రచయిత ఓటు శిష్యుడికి.

సరే, ఎవరీయన? ఆయన 1901 డిసెంబర్ 29న ఉత్తరాంధ్రలో, రాజాంలో పుట్టారు. కానీ ఆయన్ని తయారుచేసింది బందరు. మా గుడ్లవల్లేరులో బందరు పాసింజర్ ఎక్కితే కవుతరం, వడ్లమన్నాడు, పెడన, చిలకలపూడి దాటి ఆఖరి స్టేషన్ అదే. మాకు బందరంటే కలెక్టరాఫీసు, లడ్డూ, మంగినపూడి బీచ్. పింగళి గారి కుర్రతనంలో బందరంటే వేరే లెవెల్. 1902లో అక్కడ కృష్ణా పత్రిక మొదలైంది. ముట్నూరి కృష్ణారావు గారు 1907 నుంచి దాదాపు నాలుగు దశాబ్దాలు దానికి ఎడిటర్. 1910లో కోపల్లె హనుమంతరావు గారు, ముట్నూరి వారు, పట్టాభి సీతారామయ్య గారు కలిసి ఆంధ్ర జాతీయ కళాశాల పెట్టారు. బ్రిటిష్ వాళ్ల చదువు మనకొద్దు, మన చదువు మనమే చెప్పుకుందాం అని పెట్టిన కాలేజీ అది. చేతిపనులు, మెషీన్ల పని, బొమ్మలు వేయడం అన్నీ నేర్పేవాళ్లు.

ఆ కాలేజీలో పింగళి గారు చదివింది ఏంటో తెలుసా? మెకానికల్ ఇంజనీరింగ్. అవునండి, మన బ్రాంచే. బీటెక్ చేసి సినిమాలంటాడేంటి అని ఇంట్లో తిట్లు తినేవాళ్లందరికీ ఇది పనికొచ్చే పాయింట్. ఆ చదువుతో ఖరగ్‌పూర్‌లో బెంగాల్ నాగపూర్ రైల్వే వాళ్ల వర్క్‌షాప్‌లో ఉద్యోగంలో చేరారు. ఆ రోజుల్లో రైల్వే ఉద్యోగం అంటే ఇప్పటి అమెరికా ప్యాకేజీ లాంటిది. అది వదిలేసి బందరు వచ్చేశారు.

వచ్చాక ఏం చేశారంటే, రాశారు. బెంగాలీలో ద్విజేంద్రలాల్ రాయ్ అని పెద్ద నాటక రచయిత ఉన్నారు, ఆయన నాటకాలు మేవాడ్ పతనం, పాషాణి తెలుగు చేశారు. సొంతంగా జేబున్నీసా రాశారు. ఆస్కార్ వైల్డ్ నాటకం ఒకటి ఉంది, డచెస్ ఆఫ్ పాడువా అని. దాన్ని తీసుకుని వింధ్యరాణి రాశారు. కృష్ణా పత్రికలో పనిచేశారు. బందరులోనే ఇండియన్ డ్రమెటిక్ కంపెనీ అనే నాటక సమాజానికి రచయితగా చేశారు. పెళ్లి చేసుకోలేదు. ఇలా దాదాపు రెండు దశాబ్దాలు నాటకాల్లోనే గడిచిపోయాయి.

ఇక్కడ కొంచెం ఆగుదాం. మనం ఎవరి కెరీర్ చెప్పినా ఈ ఇరవై ఏళ్లని 'స్ట్రగుల్' అని ఒక్క ముక్కలో లాగించేస్తాం. ఆయన విషయంలో అది కరెక్ట్ కాదని నా ఉద్దేశం. నాటకంలో కెమెరా లేదు, క్లోజప్ లేదు. వెనక వరసలో నేల మీద కూర్చున్నాయనకి కూడా మాట చేరాలి, మొదటిసారి వినగానే పట్టుకోవాలి. రిపీట్ బటన్ లేదు కదా. తర్వాత సినిమాల్లో ఆయన రాసిన మాటలు చూడండి, అన్నీ చెవిలో ఒక్కసారి పడితే చాలు, అతుక్కుపోతాయి. ఆ పనితనం బందరు స్టేజీ మీద వచ్చింది.

1940ల మొదట్లోనే సినిమా తలుపు ఒకసారి తట్టారు, నిలదొక్కుకోలేదు. 1948లో సి.పుల్లయ్య గారి డైరెక్షన్‌లో వింధ్యరాణి సినిమాగా వచ్చింది. ఆ తర్వాతి ఏడాది, 1949లో, వాహినీ వారి గుణసుందరి కథ. డైరెక్టర్ కె.వి.రెడ్డి గారు. షేక్స్‌పియర్ కింగ్ లియర్‌లో ముసలి రాజు ముగ్గురు కూతుళ్లని నామీద ఎవరికెంత ప్రేమ అని అడుగుతాడు చూడండి, ఆ ముడిని తీసుకుని మన జానపద కథ చేశారు. హిట్. అప్పటికి పింగళి గారి వయసు నలభై ఏడు దాటింది. ఈ రోజుల్లో ఆ వయసుకి రిటైర్మెంట్ ప్లాన్ గురించి రీల్స్ చూస్తుంటారు. ఆయనకి అసలు కెరీర్ అప్పుడు మొదలైంది.

1951 మార్చి 15న పాతాళభైరవి. నాగిరెడ్డి, చక్రపాణి గార్ల విజయా ప్రొడక్షన్స్. మధిర సుబ్బన్న దీక్షితులు గారి కాశీ మజిలీ కథల నుంచి తీసుకున్న కథ. తోటరాముడిగా ఎన్టీఆర్, నేపాళ మాంత్రికుడిగా ఎస్వీఆర్. 1952లో మన దేశంలో మొట్టమొదటి అంతర్జాతీయ చలనచిత్రోత్సవం జరిగితే, దక్షిణాది నుంచి వెళ్లింది ఈ ఒక్క సినిమానే.

ఇందులో మాంత్రికుడు మాట్లాడే తీరు గమనించండి. వాడు ఎవర్నీ మామూలుగా పిలవడు. డింభకా అంటాడు. డింభకుడంటే సంస్కృతంలో చిన్నపిల్లాడు, కుర్రకుంక. నిఘంటువులో నిద్రపోతున్న మాట అది. పండితుడు వాడితే మనం డిక్షనరీ వెతుక్కునేవాళ్లం. కానీ ఎస్వీఆర్ గొంతులో, ఆ నడకలో, శిష్యుణ్ణి పురమాయించేటప్పుడు వచ్చేసరికి అర్థం అడిగే పనే లేకుండా పోయింది. నా మీద పెద్దరికం చూపిస్తున్నాడు, నన్ను వాడుకోబోతున్నాడు అని ఆ ఒక్క పిలుపులోనే తెలిసిపోతుంది. మా సాఫ్ట్‌వేర్ ఫీల్డ్‌లో ఒక సామెత లాంటిది ఉంది, కోడ్ రాయడం కన్నా దేనికి ఏం పేరు పెట్టాలో తేల్చుకోవడమే కష్టమని. పింగళి గారు బతికుంటే ఆయన్ని ఆఫీసుకి తీసుకెళ్లి కూర్చోబెట్టేవాణ్ణి.

ఇప్పుడు మళ్లీ మాయాబజార్‌కి వద్దాం, అసలు సరుకంతా అక్కడుంది కాబట్టి.

శశిరేఖా పరిణయం కథ వ్యాస భారతంలో లేదు. మన నాటకాల్లో, జానపదంలో ఉంది. 1936లోనే ఒకసారి సినిమాగా వచ్చింది. అంటే 1957లో థియేటర్‌కి వచ్చినవాళ్లకి కథ మొత్తం ముందే తెలుసు. ఎవరికి ఎవరితో పెళ్లవుతుందో తెలుసు. సస్పెన్స్ జీరో. మరి మూడు గంటలు ఎలా కూర్చోబెడతారు? స్క్రీన్‌ప్లే పేరు కె.వి.రెడ్డి గారిది, మాటలు పాటలు పింగళి గారివి. ఎవరి ఐడియా ఎక్కడ ఆగి ఎవరిది ఎక్కడ మొదలైందో విడదీయలేం. కె.వి.రెడ్డి గారైతే షూటింగ్‌కి ముందే స్క్రిప్టంతా పక్కాగా చేసుకుని, ఏ సీన్ ఎన్ని నిమిషాలో గడియారం పెట్టి కొలుచుకునే మనిషి. అలాంటాయన దగ్గర మాట ఎక్కువ రాసినా దొరికిపోతారు, తక్కువ రాసినా దొరికిపోతారు.

ప్రియదర్శిని పెట్టె తీసుకోండి. మూత తెరిస్తే చూసేవాళ్లకి బాగా ఇష్టమైనది అందులో కనిపిస్తుంది. అది చూపించి 'మనోళ్లు అప్పుడే ల్యాప్‌టాప్ కనిపెట్టారు, వీడియో కాల్ కనిపెట్టారు' అని షార్ట్స్ చేస్తుంటారు. సరదాగానే ఉంటుంది. నాకు మాత్రం ఆ పెట్టె చేసే అసలు పని ఇంకోటి కనిపిస్తుంది. శశిరేఖ చూస్తే అభిమన్యుడు కనిపిస్తాడు. తల్లి రేవతి చూస్తే నగలు. కృష్ణుడు చూస్తే శకుని! పెట్టె ఒక్కటే, కానీ కథలో ఎవరి మనసు ఎక్కడుందో మనకి చెప్పేసింది. రేవతికి ఆశ ఎక్కువ అని ఎవరూ డైలాగ్ చెప్పక్కర్లేదు. పెళ్లి ఎందుకు తప్పిపోతుందో, దాని వెనక ఎవరున్నారో నవ్విస్తూనే విత్తనం వేసేశారు. ఇప్పుడు స్క్రీన్‌రైటింగ్ క్లాసుల్లో ఫీజు కట్టి నేర్చుకునేది ఇదే.

ఇంకో సంగతి. సినిమా మొత్తం పాండవుల వైపే, కానీ పాండవులు ఒక్క సీన్‌లో కూడా కనపడరు. ఈసారి చూసినప్పుడు గమనించండి.

ఇక గింబళి, గిల్పం. ఇది నాకు ఆయన రాసినవాటిలో అన్నిటికన్నా ఇష్టం. తెలుగులో మనకొక అలవాటుంది. కాఫీ గీఫీ తాగుతావా అంటాం. పులీ గిలీ ఏం లేదు పడుకో అంటాం. పెళ్లీ గిళ్లీ అంటాం. మొదటి అక్షరం తీసేసి 'గి' పెడతాం, దీర్ఘం ఉంటే 'గీ' పెడతాం. ఈ రూల్ మనకి ఎవరూ నేర్పలేదు, రెండేళ్ల పిల్లలకి కూడా వచ్చేస్తుంది. గీఫీ అంటే ఏంటి? ఏమీ లేదు. 'కాఫీ లాంటిది ఏదో' అనడానికి ఒక ఊతం, అంతే. ఇప్పుడు కంబళికి ఆ రూల్ పెట్టండి. గింబళి. తల్పానికి పెట్టండి. గిల్పం. మనందరి నోట్లో అవి వట్టి ఊతపదాలు. పింగళి గారు వాటిని వస్తువులు చేశారు. కౌరవుల వైపు నుంచి పెళ్లి పనుల మీద వచ్చిన పెద్దమనుషులకి మాయా విడిదిలో కంబళి లాగా కనిపించేది గింబళి, తల్పం లాగా కనిపించేది గిల్పం. కాలు పెట్టినవాడికి, ఒళ్లు వాల్చినవాడికి తిప్పలే తిప్పలు.

అందుకే ఆయన మాటలు కల్పించినట్టు అనిపించవు. ఎక్కడి నుంచో పట్టుకొచ్చి అతికించినవి కావు. భాషలో ఆల్రెడీ ఉన్న రూల్‌ని ఇంకొక్క అడుగు ముందుకి నడిపిస్తారు. తస్మదీయులు కూడా అంతే, అస్మదీయులు పక్కన నిలబడితే చాలు, అర్థం దానంతటదే వస్తుంది. ఈ మధ్య సినిమాల్లో కొత్త మాటలు పుట్టించాలని చూస్తుంటారు, ట్రైలర్‌లో బాగుంటాయి, రెండో వారానికి ఎవరికీ గుర్తుండవు. ఎందుకంటే వాటికి మన నోట్లో వేరు లేదు.

మాయా శశిరేఖ దగ్గర కూడా మాటలే కాపాడాయి. ఘటోత్కచుడు శశిరేఖ వేషంలో ఉంటాడు, అంటే తెర మీద సావిత్రి గారు ఉండాలి, మనకి మాత్రం లోపల ఎస్వీఆర్ ఉన్నట్టు తెలుస్తుండాలి. సావిత్రి గారు ఎంత గొప్పగా చేశారో చెప్పడానికి వేరే ఎపిసోడ్ కావాలి. కానీ ఆ పిల్ల నోట్లోంచి ఘటోత్కచుడి మాట, ఆ విరుపు రాసిచ్చినాయన ఒకరున్నారు కదా.

ఒక లోకల్ ముచ్చట. ఈ సినిమాలో కృష్ణుడు ఎన్టీఆర్‌ది పామర్రు దగ్గర నిమ్మకూరు. అభిమన్యుడు ఏఎన్నార్‌ది గుడివాడ దగ్గర రామాపురం. మ్యూజిక్ ఇచ్చిన ఘంటసాల గారిది గుడివాడ దగ్గరే చౌటపల్లి. ఎస్వీఆర్ పుట్టింది నూజివీడులో. మాటలు బందరువి. పొద్దున్నే బైక్ వేసుకుని బయల్దేరితే సాయంత్రానికి ఈ ఊళ్లన్నీ చుట్టి రావచ్చు. ఒక జిల్లా జనం మద్రాసు వెళ్లి తీసిన సినిమా అన్నా పెద్ద తప్పేం కాదు. తాడిపత్రి కె.వి.రెడ్డి గారు, తెనాలి వైపు చక్రపాణి గారు నన్ను క్షమించాలి.

నెట్‌లో తిరిగే పొరపాట్లు రెండు సరిచేస్తాను. మిస్సమ్మ (1955) డైలాగులు పింగళి గారివని పోస్టులు పెడుతుంటారు. మాటలు చక్రపాణి గారివి, పాటలు పింగళి గారివి. గుండమ్మ కథ (1962) మాటలు డి.వి.నరసరాజు గారివి, పాటలు మళ్లీ పింగళి గారివే. పాటల గురించి ఈ ఎపిసోడ్‌లో చెప్పను, ఎందుకంటే మొదలెడితే ఆగదు. వెన్నెలని, చందమామని ఇంత మామూలు మాటల్లో రాసినాయన ఇంకొకరు లేరని మాత్రం చెప్పి వదిలేస్తాను.

అన్నీ హిట్లే అనుకోకండి. 1954లో చంద్రహారం వచ్చింది. విజయా వాళ్లు బాగా ఖర్చుపెట్టి తీశారు, ఆడలేదు. 1961లో జగదేకవీరుని కథ పెద్ద హిట్. 1968లో అదే విజయా, అదే కె.వి.రెడ్డి, అదే ఎన్టీఆర్, అదే పింగళి కలిసి ఉమా చండీ గౌరీ శంకరుల కథ తీస్తే జనం చూడలేదు. నేను మొత్తం చూశాను. మాటలు అక్కడక్కడ మెరుస్తాయి, కానీ కథకి ఆ మాటలతో పని లేదు. మాయాబజార్‌లో గింబళి తీసేస్తే ఒక సీన్ కూలిపోతుంది. ఇక్కడ మాటలు తీసేసినా సీన్ అలాగే ఉంటుంది. తేడా అదే. ఈలోగా కాలం కూడా మారిపోయింది, రాజుల కథలు పోయి కాలేజీ కథలు వచ్చాయి. 1971 మే 6న పింగళి గారు పోయారు.

ఈ ఎపిసోడ్ ఐడియా ఎలా వచ్చిందంటే, రికీ లీ అనే ఫిలిప్పీన్స్ రచయిత గురించి చదువుతున్నాను. 1982లో వచ్చిన హిమాలా అనే ఫేమస్ సినిమా రాసింది ఆయనే. 150కి పైగా స్క్రిప్టులు రాశారు. దశాబ్దాలుగా కుర్రవాళ్లకి ఫ్రీగా వర్క్‌షాపులు పెడుతున్నారు, స్క్రిప్ట్ రాయడం మీద వాళ్ల భాషలో పుస్తకం రాశారు. 2022లో ఆ దేశం ఆయన్ని సినిమాకి గాను నేషనల్ ఆర్టిస్ట్ అని ప్రకటించింది. వాళ్ల దేశంలో కళాకారులకిచ్చే అతి పెద్ద గౌరవం అది. హీరోకి, డైరెక్టర్‌కి మాత్రమే కాదు, రాసినాయనకి కూడా. అది చదివి మన వైపు ఎవరా అని ఆలోచిస్తే నాకు పక్కన బందరే కనిపించింది.

2013లో ఒక నేషనల్ న్యూస్ ఛానల్ పోల్ పెడితే మాయాబజార్‌కి భారతదేశంలోనే గొప్ప సినిమాగా ఓట్లు పడ్డాయి. అప్పుడు షేర్ చేసిన ఫొటోల్లో ఎన్టీఆర్, ఏఎన్నార్, సావిత్రి, ఎస్వీఆర్ ఉన్నారు. పింగళి గారి ఫొటో ఇప్పుడు ఫోన్‌లో వెతికి చూడండి, ఎన్ని దొరుకుతాయో.

మీకో చిన్న పని. 2010లో మాయాబజార్‌కి రంగులు వేసి మళ్లీ రిలీజ్ చేశారు. రంగుల్లోనో, బ్లాక్ అండ్ వైట్‌లోనో, ఎలా చూసినా సరే, టైటిల్స్ స్కిప్ చేయకుండా చూసి ఆయన పేరు ఎక్కడొస్తుందో పట్టుకోండి. తర్వాత మీ ఇంట్లో పెద్దవాళ్లు మామూలుగా మాట్లాడుకునేటప్పుడు ఆయన మాట ఏది వాడతారో విని నాకు పంపండి. మా బామ్మ అయితే ఎవరైనా గొప్పలు చెప్పుకుంటే రెండు వీరతాళ్లు వేయమంటుంది. వచ్చే ఎపిసోడ్ బందరుకే చెందిన ఇంకో ఆయన మీద, రఘుపతి వెంకయ్య గారి మీద. తెలుగు సినిమాకి తండ్రి అంటారే, ఆయనే. ఉంటాను.